ఆడియో డీఎల్ఎల్ ఫైలు లేదని వస్తే ఏం చేయాలి?

ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ తెరవగానే "ఎక్స్3డీఆడియో1_7 డాట్ డీఎల్ఎల్ ఈ కంప్యూటర్‌లో లేదు" అని మెసేజ్ వస్తుంది. బరంపురం, పర్లాకిమిడి, రాయగడ వైపు పెళ్లి వీడియోలు, భజన రికార్డింగులు చేసే షాపుల్లో వెంటనే జరిగేది ఒకటే: ఆ పేరు గూగుల్‌లో కొట్టడం, ఏదో సైటు నుంచి ఫైలు దించడం, విండోస్‌లోని సిస్టమ్32 ఫోల్డర్‌లో పడేయడం. దయచేసి ఇది మానండి.

కావలసినవి: నెట్, ఖాళీ పెన్‌డ్రైవ్, అడ్మినిస్ట్రేటర్ పాస్‌వర్డ్. కరెంటు పోయే వేళైతే ఇన్వర్టర్ ఉన్న చోటే కూర్చోండి.

ముందు మెసేజ్‌ని ఫోన్‌తో ఫొటో తీసుకోండి. ఫైలు పేరులో ఒక్క అంకె మారినా అది వేరే ఫైలే.

ఇక అసలు పని. ఆ ఫైలు ఎవరిదో తేల్చాలి. డీఎల్ఎల్ అంటే నాలుగైదు ప్రోగ్రాములు కలిసి వాడుకునే ఉమ్మడి కోడు. అది ఒంటరిగా రాదు, ఏదో ఒక ప్యాకేజీతో వస్తుంది. ఆ ప్యాకేజీనే వేయాలి. ఫైలును విడిగా తేకూడదు.

ఆడియోసెస్, ఎంఎండెవ్ఏపీఐ, విన్ఎంఎం, డీసౌండ్ విండోస్ సొంత ఫైళ్లు. ఎక్స్‌ఆడియో2_7, ఎక్స్3డీఆడియో1_7, ఎక్స్ఏపీఓఎఫ్ఎక్స్1_5 పాత డైరెక్ట్‌ఎక్స్‌వి, అంటే బొమ్మ, శబ్దం పనులకు మైక్రోసాఫ్ట్ ఇచ్చే ప్యాకేజీవి. ఎంఎస్‌వీసీపీ140, వీసీరన్‌టైమ్140 విజువల్ సీ ప్లస్ ప్లస్ ప్యాకేజీవి. ఎంఎఫ్‌ప్లాట్ లేదంటే మీది విండోస్ 'ఎన్' రకమేమో, అంటే ఆడియో, వీడియో భాగాలు తీసేసి ఇచ్చే రకమేమో చూడండి. దానికి మీడియా ఫీచర్ ప్యాక్ వేసుకోవాలి.

విడి ఫైలు ఎందుకు పనిచేయదో వినండి. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. 32 బిట్‌వి ఉండేది సిస్‌వావ్64లో. పేర్లు చూస్తే తిరగేసినట్టు ఉంటాయి, అందరూ పడేది ఇక్కడే. 32 బిట్ ఫైలును 64 బిట్ ప్రోగ్రాము పిలిస్తే 0ఎక్స్‌సీ000007బీ అనే ఎర్రర్‌తో ఆగిపోతుంది. పైగా ఎక్స్‌ఆడియో2_7 రిజిస్ట్రీలో, అంటే విండోస్ తన సెట్టింగులు రాసుకునే పట్టీలో నమోదు కావాలి. కాపీ చేసినంత మాత్రాన ఫైలు కళ్లెదుటే ఉన్నా ప్రోగ్రాముకు దొరకదు. ఆ దించిన ఫైలులో వైరస్ ఉందో లేదో ఎవరు పూచీ? "డీఎల్ఎల్ ఫిక్సర్" సాఫ్ట్‌వేర్లు కూడా ఇదే తప్పును బటన్ నొక్కి చేయిస్తాయి. ఒక్కటి కూడా ఉంచకండి. ఇదివరకు చేత్తో పడేసిన ఫైళ్లుంటే ముందు తీసేయండి. ఏది మీరు పెట్టిందో, ఏది విండోస్‌దో ఖాయంగా తెలియకపోతే మాత్రం ముట్టుకోకండి.

డైరెక్ట్‌ఎక్స్ ఫైళ్లకు మైక్రోసాఫ్ట్ సైటులోని 2010 జూన్ ఎండ్ యూజర్ రన్‌టైమ్స్ దించండి. పూర్తి ప్యాకేజీయే మేలు. పెన్‌డ్రైవ్‌లో పెట్టుకుంటే నెట్ లేని పల్లెలోనూ పనికొస్తుంది. దాన్ని నడిపితే ఎక్కడ విప్పాలని అడుగుతుంది. కొత్త ఖాళీ ఫోల్డర్ చూపించండి, లేకపోతే డెస్క్‌టాప్ నిండా క్యాబ్ ఫైళ్లు పరుచుకుంటాయి. చాలామంది ఇక్కడితో అయిపోయిందనుకుంటారు. విప్పారంతే, ఇంకా ఎక్కలేదు. ఆ ఫోల్డర్‌లోకి వెళ్లి డీఎక్స్‌సెటప్ నడపాలి. అప్పుడే 32 బిట్, 64 బిట్ రెండు రకాల ఫైళ్లూ వాటి చోటికి చేరి నమోదవుతాయి. విండోస్ 10, 11లో కొత్త డైరెక్ట్‌ఎక్స్ ఉన్నా ఈ పాతవి దానితో రావు, కాబట్టి "నాది కొత్త సిస్టమ్" అని దీన్ని దాటేయకండి.

విజువల్ సీ ప్లస్ ప్లస్ అయితే 64 బిట్ విండోస్‌లో ఎక్స్86 (32 బిట్), ఎక్స్64 (64 బిట్) రెండూ వేయండి. ఒక్కటే చాలన్న మాట వినకండి.

విండోస్ సొంత ఫైలు పాడైతే కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి, ముందు "డీఐఎస్ఎం /ఆన్‌లైన్ /క్లీనప్-ఇమేజ్ /రీస్టోర్‌హెల్త్", అది ముగిశాక "ఎస్ఎఫ్‌సీ /స్కాన్‌నౌ" ఇంగ్లీషు అక్షరాల్లో కొట్టండి. ప్రతి స్లాష్‌కు ముందు ఒక ఖాళీ ఉండాలి. శాతం ఒకేచోట చాలాసేపు నిలిచినా విండో మూయకండి. ఈ వరుసే సరైనది: ఎస్ఎఫ్‌సీ మంచి ఫైళ్లు తెచ్చుకునే నిల్వను డీఐఎస్ఎం ముందుగా బాగుచేస్తుంది.

రికార్డింగ్ బాక్సు (మైకును కంప్యూటర్‌కు కలిపే ఆడియో పెట్టె) ఏఎస్ఐఓ డ్రైవరు, అంటే శబ్దాన్ని ఆలస్యం లేకుండా సాఫ్ట్‌వేర్‌కు అందించేది, అదీ డీఎల్ఎల్లే. సాఫ్ట్‌వేర్ 64 బిట్ అయ్యుండి డ్రైవరు 32 బిట్‌దే ఉంటే జాబితాలో దాని పేరే రాదు. తయారీదారు సైటు నుంచి పూర్తి డ్రైవరు దించి, బాక్సు తీగ పీకి, పాతది తీసేసి, రీస్టార్ట్ చేసి కొత్తది వేయండి. ఇన్‌స్టాలర్ చెప్పినప్పుడే తీగ పెట్టండి.