గ్రామఫోన్ రికార్డులు దాచుకునేవాళ్ల మీద డాక్యుమెంటరీ ఎలా తీయాలి?

తిరుపతిలో పాత గ్రామఫోన్ రికార్డులు పోగుచేసే పెద్దాయన ఒకరు మీకు తెలుసనుకుందాం. ఆయన మీద డాక్యుమెంటరీ తీయాలనుంటే మొదటిసారి కెమెరా తీసుకెళ్లకండి. కాఫీ ఇస్తే తాగండి, ఆయన బీరువా తెరిచి ముందుగా ఏ రికార్డు తీస్తారో చూసుకోండి, మీ కథకు మొదలు అదే. ‘మొత్తం ఎన్నున్నాయి సార్, ఎంత చేస్తాయి’ అని మాత్రం అడగొద్దు. ‘ఇది మీకెట్లా దొరికింది సార్’ అని అడిగి, ఆయన ఎంతసేపు చెప్పినా మధ్యలో అందుకోకుండా వినండి.

షూటింగ్ రోజు ముఖం కన్నా చేతులు ఎక్కువ తీయండి. 78 ఆర్‌పీఎం రికార్డు, అంటే నిమిషానికి 78 చుట్లు తిరిగేది, లక్క కలిపి చేసింది, కింద పడితే పెంకులా పగులుతుంది, అందుకే ఆయన అంచులు మాత్రమే పట్టుకుని కవర్లోంచి తీస్తారు, గాడి వెంబడి గుడ్డతో తుడుస్తారు, కొత్త స్టీలు ముల్లు బిగిస్తారు, కీ ఇస్తారు. ఒక్కో వైపుకు ఒక్కో ముల్లు, ఎందుకంటే అరిగిన ముల్లు గాడిని తినేస్తుంది. పది అంగుళాల రికార్డు ఒక వైపు పాడేది సుమారు మూడు నిమిషాలే కాబట్టి అదంతా ఆపకుండా ఒకే షాట్‌లో పట్టేయండి. ‘ఇంకోసారి వేయండి సార్’ అని పదేపదే అడగడం అన్యాయం, వేసిన ప్రతిసారీ రికార్డు కొంత అరుగుతుంది.

కోనేటి కట్ట లాంటి చోట ఇల్లయితే గుడి మైకు, ఆటోల హారన్లు తప్పవు. అవి ఊరి చప్పుళ్లే, ఉండనివ్వండి. ఫ్యాన్ మాత్రం ఆపాలి. మే నెలలో అయితే పెద్దాయనకు ఉక్కపోయకుండా కొంచెం కొంచెంగా తీయండి. ఎవరూ మాట్లాడని గది చప్పుడు ఒక అర నిమిషం విడిగా రికార్డు చేసుకుంటే ఎడిటింగ్‌లో అతుకులు వినబడవు. మన కరెంటు 50 హెర్ట్జ్, కాబట్టి కెమెరాలో సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ 1/50 సెకను పెడితే ట్యూబులైట్ మినుకుమినుకుమనదు. వేడెక్కే లైట్లు రికార్డుల దగ్గర పెట్టకండి, వంగిపోతాయి.

‘మీలాంటివాళ్లు ఇంకెవరున్నారు సార్’ అని తప్పకుండా అడగండి. చంద్రగిరిలోనో చిత్తూరులోనో ఇంకొకరు ఉంటారు, గ్రామఫోన్ స్ప్రింగులు బాగుచేసే మెకానిక్ ఉంటాడు. అతన్ని అస్సలు వదలొద్దు, ఆ పని తెలిసినవాళ్లు తగ్గిపోతున్నారు.

పాటలు వాడేముందు హక్కులు చూసుకోండి. రికార్డింగ్ మీద హక్కు విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు, పాట రాసినవాళ్లది వాళ్లు పోయాక మరో 60 ఏళ్లు. ఇంటి నంబరు, వీధి బోర్డు ఫ్రేములో పడనీయకండి. బయట పెట్టేముందు సినిమా మొత్తం ఆయనకు, ఇంట్లోవాళ్లకు వేసి చూపించి, వద్దన్న ముక్క తీసేయండి.