విమాన వ్యవస్థలు నేర్చుకోవాలంటే ఒక్క పైపు పట్టుకుని వెళ్లండి

మెయింటెనెన్స్ ట్రైనింగ్‌లో చేరిన కొత్తలో మాన్యువల్‌ని మొదటి పేజీ నుంచి చదివాను. 24వ చాప్టర్ ఎలక్ట్రికల్, 29 హైడ్రాలిక్స్, 32 ల్యాండింగ్ గేర్ (చక్రాలు)... వారం తిరిగేసరికి అన్నీ కలగాపులగం. అందుకే ఇప్పుడు కొత్తగా నేర్చుకునేవాళ్లకి నేను చెప్పేది: ఒకే విమానం, అందులో ఒకే వ్యవస్థ ఎంచుకోండి. నన్నడిగితే ఎయిర్‌బస్ ఏ320 హైడ్రాలిక్స్, అంటే ఆయిల్ ప్రెషర్‌తో విమానం భాగాల్ని కదిలించే వ్యవస్థ.

ఇందులో ఆయిల్ తిరిగే దారులు మూడు, వేటికవే విడిగా. తెల్లకాగితం తీసుకుని వాటికి మూడు గీతలు గీయండి: గ్రీన్, బ్లూ, యెల్లో. మూడింటిలోనూ ప్రెషర్ 3000 పీఎస్ఐ (ప్రెషర్ కొలిచే యూనిట్). గ్రీన్ పంపుని మొదటి ఇంజిన్, యెల్లో పంపుని రెండో ఇంజిన్ తిప్పుతాయి. బ్లూకి కరెంటు పంపు. ఇక ఒక్కో గీత వెంట నడుస్తూ ఏది ఎక్కడికి వెళ్తుందో రాయండి. చక్రాలు ఎత్తేది గ్రీన్. రడ్డర్‌కి, అంటే తోక మీద నిలువుగా ఉండి అటూ ఇటూ తిరిగే పలకకి మాత్రం మూడూ వెళ్తాయి. ఎందుకో మీకు మీరే చెప్పుకున్నాకే ముందుకెళ్లండి.

గ్రీన్‌కీ యెల్లోకీ మధ్య పీటీయూ (పవర్ ట్రాన్స్‌ఫర్ యూనిట్) గీయండి. విమానం కదలకముందు కింద నుంచి కుక్క మొరిగినట్టు వినిపించే చప్పుడు దీనిదే. రెండింటి ప్రెషర్‌లో 500 పీఎస్ఐ తేడా వస్తే ఇది తిరుగుతుంది. ఒకవైపు మోటారు, ఇంకోవైపు పంపు. బలం దాటుతుంది గానీ ఆయిల్ దాటదు. దాటితే ఒకవైపు లీకు రెండిటినీ ఖాళీ చేసేస్తుంది. ఈ ఒక్క ముక్క అర్థమైన రోజు నాకు హైడ్రాలిక్స్ అంటే భయం పోయింది.

తర్వాత ప్రతి గీత మీదా వేలు పెట్టి "ఇది పోతే?" అని అడగండి. గీతలు ఎక్కడ దగ్గరగా వెళ్తున్నాయో కూడా చూడండి. 1989 జూలై 19న అమెరికాలో యునైటెడ్ ఎయిర్‌లైన్స్ 232 విమానం, డీసీ-10 రకం, తోక ఇంజిన్‌లో ఫ్యాన్ రెక్కల్ని పట్టుకునే డిస్క్ పగిలింది. దాని హైడ్రాలిక్ వ్యవస్థలు మూడూ వేర్వేరే, కానీ తోకలో మూడింటి పైపులూ దెబ్బతిని ఆయిలంతా పోయింది. పైలట్లు కేవలం ఇంజిన్ల పవర్ పెంచుతూ తగ్గిస్తూ సూ సిటీ దాకా తీసుకొచ్చారు. నూటికి పైగా ప్రాణాలు పోయాయి. కాగితం మీద విడివిడిగా కనిపించేవి విమానంలో ఎక్కడెక్కడ పక్కపక్కనే ఉన్నాయో వెతకడం అప్పటి నుంచీ నాకు అలవాటు.

మర్నాడు పొద్దున్నే చూడకుండా మళ్లీ గీయండి. ఎక్కడ చెయ్యి ఆగిందో ఆ రోజు అదే చదవండి. టెన్షన్ పడి రెండో విమానం జోలికి పోవద్దు. బోయింగ్ 787లో ప్రెషర్ 5000 పీఎస్ఐ, అంకెలు కలిసిపోతాయి.

చివరగా బ్లూ గీతకి ర్యాట్ (ర్యామ్ ఎయిర్ టర్బైన్) కలపండి. మెయిన్ కరెంటు పోతే బయటికి దిగే చిన్న ఫ్యాన్ అది. గాలికి తిరిగి బ్లూకి ప్రెషర్ ఇస్తుంది. ఆ ప్రెషరే ఎమర్జెన్సీ జనరేటర్‌ని తిప్పుతుంది. ఆ జనరేటర్ నుంచి బయల్దేరే వైరు పట్టుకుని 24వ చాప్టర్‌లోకి, ఎలక్ట్రికల్‌లోకి వెళ్లండి.