పాత టేపుకి ప్లే నొక్కే ముందు

పాత పాటల రీళ్లు, రికార్డులు పెట్టెడు చేతికొస్తే ఎవరికైనా వేలు ముందు ప్లే బటన్ మీదికే పోతుంది. నాదీ పోయింది ఒకసారి. రెండు నిమిషాలకే టేపు కీచుమంటూ ఆగిపోయింది. తీసి చూస్తే హెడ్ (టేపు మీది పాటను చదివే భాగం) నిండా గోధుమరంగు జిగురు. టేపు మీంచి ఊడొచ్చిన పొర అది, పాట రికార్డయి ఉండేది అందులోనే. ఊడొచ్చాక మళ్లీ అతికించలేం.

అందుకే ముందు ముక్కుకి పని చెప్పండి. వెనిగర్ వాసన వస్తే అది అసిటేట్ అనే పాతరకం ప్లాస్టిక్‌తో చేసిన టేపు, పాడవడం మొదలైంది. ఆ ఆవిరి పక్కవాటికీ చేటు, వేరే గదిలో పెట్టండి. వాసన లేకపోతే రీలును లైటుకి ఎదురుగా పట్టుకోండి. చుట్టలోంచి వెలుతురు కనబడితే అసిటేట్, లేదంటే చాలావరకు పాలిస్టర్. ఈ తేడా తెలియాల్సిందే. 1970, 80ల నాటి కొన్ని పాలిస్టర్ టేపుల్లో అయస్కాంతపు పొడిని పట్టి ఉంచే బంక తేమ పీల్చుకుని జిడ్డుగా మారుతుంది. అలాంటివాటిని నిపుణులు సుమారు 54 డిగ్రీల వేడిలో గంటల తరబడి ఉంచి, కొన్నాళ్లపాటు ప్లే అయ్యేలా చేస్తారు. వీడియోలు చూసి వంటింటి ఓవెన్‌లో పెట్టేవాళ్లూ ఉన్నారు. ఆ పని మాత్రం వద్దు. అసిటేట్ టేపుకైతే ఆ వేడి తగలనే కూడదు.

క్యాసెట్లతో ఇంత టెన్షన్ లేదు. వెనక చిన్న ప్లాస్టిక్ పలుకులు విరిచేస్తే పొరపాటున దానిమీద రికార్డు అవదు. లోపల టేపును హెడ్‌కి ఆనించే చిన్న మెత్త ఊడిపోయిందేమో చూడండి.

78 ఆర్‌పీఎం (నిమిషానికి 78 చుట్లు తిరిగే) రికార్డుల్లో ఎక్కువ భాగం లక్కతో చేసినవి. ఆల్కహాల్‌తో తుడిచారో, లక్క కరిగి గాడులు పోతాయి. ఎల్‌పీల (తర్వాతి కాలపు లాంగ్ ప్లే రికార్డుల) సూది వీటికి సన్నం, వెడల్పు సూదే వాడాలి. అల్యూమినియం పళ్లెం మీద నల్లటి పూత ఉన్న స్టూడియో డిస్క్ దొరికి, ఆ పూత పెచ్చులు లేస్తుంటే తుడవకండి, ప్లే చేయకండి. దానికి ఇంకో కాపీ ఉండకపోవచ్చు. బూజు పట్టినవి ముట్టుకునే ముందు మాస్కు, గ్లవ్స్ వేసుకోండి.

చాలామంది మర్చిపోయేది అట్టపెట్టె. వాయిద్యకారుల పేర్లు, టేక్ నంబర్లు (ఎన్నోసారి పాడినదో), తేదీ ఎవరో పెన్సిల్‌తో దానిమీదే రాసి ఉంటారు. అన్ని వైపులా ఫొటోలు తీశాకే పెట్టె మార్చండి. నన్నడిగితే, ఒక్కోసారి పాటకన్నా ఆ రాతే ఎక్కువ సంగతులు చెబుతుంది.

కంప్యూటర్‌లోకి కాపీ చేసేటప్పుడు 24 బిట్, 96 కిలోహెర్ట్‌జ్ వావ్ (WAV, శబ్దాన్ని కుదించకుండా దాచేది) ఫైలే చేయండి. ఎంపీ3 వినడానికే. బరబర శబ్దం తీసేయడం లాంటివన్నీ ఇంకో కాపీ మీద. ఆ ఫైళ్లు కనీసం రెండు వేరువేరు చోట్ల ఉండాలి. 2008లో కాలిఫోర్నియాలోని యూనివర్సల్ స్టూడియోస్‌లో మంటలు లేచినప్పుడు ఎన్నో మాస్టర్ టేపులు (పాటల అసలు రికార్డింగులు) బూడిదయ్యాయి.

పనయ్యాక రీలును రివైండ్ చేయకండి. పాట చివర పైకొచ్చినట్టే ఉంచి, ఆ మాట పెట్టె మీద రాసి, నిలువుగా పెట్టండి.