జాంబీ మీద కిల్ కొట్టి లాభం లేదు, దాని పేరెంట్‌ను పట్టుకోండి

మొన్న అనంతపురంలో మా బావమరిది కోచింగ్ సెంటర్ లినక్స్ సర్వర్‌లో టాప్ కమాండ్ (నడుస్తున్న ప్రోగ్రాములను, అంటే ప్రాసెస్‌లను చూపేది) కొడితే పైన జాంబీల, అంటే పని అయిపోయినా లిస్టులోంచి పోని ప్రాసెస్‌ల లెక్క 43 అని చూపించింది, వాడికి ఒకటే టెన్షన్, అర్ధగంట నుంచి ఒక్కోదానికి కిల్ మైనస్ 9 (ప్రాసెస్‌ను బలవంతంగా ఆపే కమాండ్) కొడుతూ కూర్చున్నాడు. సచ్చినదాన్ని మళ్లీ ఏం సంపుతావప్పా అన్నాను.

సంగతేమిటంటే ఆ ప్రాసెస్ పని ఎప్పుడో అయిపోయింది. మెమరీ, సీపీయూ ఏమీ తినదు. టవర్ క్లాక్ దగ్గర లాడ్జిలో రూము ఖాళీ చేసి పోయినా రిజిస్టర్‌లో పేరు కొట్టేయకపోతే ఎట్లుంటుందో ఇదీ అంతే. దాన్ని పుట్టించిన పేరెంట్ ప్రాసెస్ 'వెయిట్' అనే కాల్‌తో ఎగ్జిట్ కోడ్ (పని ఎట్లా ముగిసిందో చెప్పే నంబరు) తీసుకునేదాకా ప్రాసెస్ టేబుల్లో ఆ వరుస, దాని పీఐడీ (ప్రాసెస్ గుర్తింపు) నంబరు అట్లే ఉండిపోతాయి.

కాబట్టి పీఎస్ కమాండ్ ఇచ్చే లిస్టులో స్టాట్ కింద జడ్ (Z), చివర్లో డిఫంక్ట్ అని ఉన్నదాని పీపీఐడీ చూడండి, అదే పేరెంట్ నంబరు. ముందు దానికి సిగ్‌చైల్డ్ సిగ్నల్ (నీ పిల్ల ప్రాసెస్ పని అయిపోయింది, చూసుకో అని చెప్పేది) పంపండి, చాలాసార్లు పట్టించుకోదు లెండి, అప్పుడు ఆ సర్వీసునే రీస్టార్ట్ చేయండి. పేరెంట్ పోతే పిల్లల్ని మామూలుగా 1వ నంబరు ప్రాసెస్ దత్తత తీసుకుని ఊడ్చేస్తుంది. మావాడి విషయంలో దొంగ వాడే రాసుకున్న బ్యాకప్ స్క్రిప్టు. దాన్ని ఆపగానే 43 కాస్తా 0.

ఒకటీ రెండూ ఉంటే వదిలేయండి. రోజురోజుకీ పెరుగుతుంటేనే భయం, పీఐడీలు అయిపోతే కొత్త ప్రాసెస్ పుట్టదు. డాకర్ (ప్రోగ్రాములను కంటైనర్లనే విడి డబ్బాల్లో నడిపే టూల్) వాడేవాళ్లు రన్ కమాండ్‌కు ఇనిట్ ఆప్షన్ (--init) తగిలించండి, కంటైనర్‌లో ఈ బాధ తప్పుతుంది.