కొలనోస్కోపీ ఎప్పుడు చేయించుకోవాలి: తిరుపతి, చిత్తూరు వాళ్ళకు పనికొచ్చే లెక్క

కొలనోస్కోపీ అంటే మలద్వారం నుంచి కెమెరా ఉన్న సన్న గొట్టం పంపి పెద్దపేగు లోపల చూసే పరీక్ష, పెద్దపేగు క్యాన్సర్‌ను ముందే పట్టుకోవడానికి చేస్తారు. ముందు ఒక సంగతి తేల్చుకుందాం. మలంలో రక్తం పడుతోంది, కొన్ని వారాలుగా విరేచనం తీరు మారిపోయింది, పోయొచ్చినా ఇంకా మిగిలినట్టే ఉంది, ఏమీ చేయకుండానే బరువు తగ్గుతున్నారు... వీటిలో ఏది ఉన్నా "ఏ వయసులో స్క్రీనింగ్ చేయించుకోవాలి" అన్న ప్రశ్న మీది కాదు. స్క్రీనింగ్ అనేది ఏ బాధా లేనివాళ్ళు ముందుజాగ్రత్తగా చేయించుకునేది. బాధ ఉన్నవాళ్ళు ముప్పై ఏళ్ళ వాళ్ళయినా సరే వయసు లెక్కలు పక్కన పెట్టి డాక్టర్ దగ్గరికి పోవాల్సిందే.

మన పక్క ఏం జరుగుతుందంటే, రక్తం కనబడగానే ఇంట్లో "వేడి చేసిందిలే, సబ్జా నీళ్ళు తాగు" అంటారు, రెండు రోజులు తాగుతారు, తగ్గినట్టే ఉంటుంది, మళ్ళీ వస్తుంది, అప్పుడు మెడికల్ షాపులో "మొలలకు ఏదైనా మాత్ర ఇయ్యప్పా" అని అడుగుతారు, అదీ అయ్యాక ఆపరేషన్ లేకుండా మొలలు నయం చేస్తామని గోడ మీద రాసిన చోటికి పోతారు. ఈలోపల ఏడాది గడిచిపోతుంది. చాలామందికి అవి నిజంగానే మొలలు, కాదనను. కానీ మొలలు ఉన్నాయని తేలినంత మాత్రాన పైన పేగులో ఇంకేమీ లేదని అర్థం కాదు, రెండూ ఒకే మనిషికి ఉండొచ్చు. చేతికి గ్లౌజు వేసుకుని వేలితో పరీక్ష కూడా చేయకుండా మొలలని మందు రాసిచ్చేస్తే ఇంకో డాక్టర్‌ను చూసుకోండి.

కంటికి కనబడని రక్తం సంగతి ఇంకా తిరకాసు. పెద్దపేగు కుడివైపు గడ్డ ఉంటే రక్తం కొంచెం కొంచెంగా పోతుంది, మలంలో కలిసిపోతుంది, మనిషికి తెలియదు, నడిస్తే ఆయాసం, నీరసం, అంతే. టెస్టు చేస్తే హిమోగ్లోబిన్ తక్కువ. ముట్లు ఆగిపోయిన ఆడవాళ్ళకు గానీ, మగవాళ్ళకు గానీ ఐరన్ తక్కువై రక్తహీనత వస్తే ఐరన్ మాత్రలు మింగి ఊరుకోకూడదు, ఆ రక్తం ఎక్కడికి పోతోందో వెతకాలి. ఆ వెతుకులాటలో కొలనోస్కోపీ ఉంటుంది.

ఏ బాధా లేదు, ఇప్పుడు నా వయసు లెక్క ఏంటి?

అమెరికాలో 2021 నుంచి ప్రభుత్వ నిపుణుల సంఘం 45 ఏళ్ళకే మొదలుపెట్టమంటోంది, అంతకుముందు 50 అనేవాళ్ళు. అక్కడ కుర్రవాళ్ళలో పెద్దపేగు క్యాన్సర్ పెరుగుతోందని కిందికి దించారు. 75 దాకా చేయించుకోమంటారు, 76 నుంచి 85 మధ్య మనిషి ఆరోగ్యాన్ని బట్టి, ఆ తర్వాత వద్దంటారు. ఇంగ్లండ్‌లో అయితే మలం పరీక్ష కిట్టు రెండేళ్ళకోసారి పోస్టులో ఇంటికే వస్తుంది. మన దేశంలో ప్రభుత్వం తరఫున జరిగే క్యాన్సర్ స్క్రీనింగ్ నోటికి, రొమ్ముకు, గర్భాశయ ముఖద్వారానికి మాత్రమే. పెద్దపేగు అందులో లేదు. అంటే మిమ్మల్ని ఎవరూ పిలవరు, ఏఎన్‌ఎం ఇంటికొచ్చి అడగదు, మీ లెక్క మీరే వేసుకోవాలి.

అలాగని 45 నిండిన ప్రతి ఒక్కరూ రేపే గొట్టం వేయించుకోవాలా? నా మాట అడిగితే, అక్కర్లేదు. పాశ్చాత్య దేశాలతో పోలిస్తే మన దగ్గర ఈ క్యాన్సర్ తక్కువే, ఇక్కడి డాక్టర్లు కూడా అందరికీ రాయరు. ఇంట్లో ఎవరికీ లేదు, బాధల్లేవు అంటే 45, 50 మధ్య ఏడాదికోసారి ఫిట్ అనే మలం పరీక్షతో మొదలుపెట్టినా మంచి పనే. కంటికి కనబడని మనిషి రక్తాన్ని అది పట్టుకుంటుంది. పాతకాలపు ఆకల్ట్ బ్లడ్ పరీక్షకయితే మాంసం మానాలి, విటమిన్ సి మానాలి, ఫిట్‌కు అవేవీ అక్కర్లేదు. కాబట్టి ల్యాబులో ఏది చేస్తారో ముందే అడగండి. ఒక్క షరతు ఉంది: ఫిట్ పాజిటివ్ వస్తే కొలనోస్కోపీకి పోవాలి. "ఇంకోసారి చేయిద్దాం, నెగెటివ్ వస్తుందేమో" అని మళ్ళీ మళ్ళీ చేయించి, నెగెటివ్ వచ్చిన కాగితం జేబులో పెట్టుకుని తిరిగితే అసలు పరీక్ష చేయించుకోవడమే దండగ.

ఫుల్ బాడీ చెకప్ ప్యాకేజీల్లో సీఈఏ అని ఒక రక్తపరీక్ష కలుపుతున్నారు. అది జబ్బు ఉన్నవాళ్ళలో చికిత్స ఎలా సాగుతోందో చూడటానికి పనికొస్తుంది, స్క్రీనింగ్‌కు కాదు. కడుపు స్కానింగ్ నార్మల్ వచ్చిందని ధీమాగా ఉండేవాళ్ళూ ఉన్నారు, అల్ట్రాసౌండ్‌లో పేగు లోపలి పాలిప్ కనబడదు.

పాలిప్ అంటే పేగు లోపలి గోడ మీద పులిపిరిలా మొలిచే కండ. అన్నీ క్యాన్సర్ కావు, కానీ పెద్దపేగు క్యాన్సర్లలో ఎక్కువ భాగం వీటి నుంచే మొదలవుతాయి, అదీ చాలావరకు పదేళ్ళ పైనే పడుతుంది. కొలనోస్కోపీలో కనబడిన పాలిప్‌ను అప్పుడే వైర్‌తో పట్టి తీసేస్తారు. మిగతా పరీక్షలకూ దీనికీ తేడా అక్కడే ఉంది. అంతా శుభ్రంగా ఉంటే మళ్ళీ పదేళ్ళకు రమ్మనడానికి కారణం పాలిప్ క్యాన్సర్‌గా మారడానికి అన్నేళ్ళు పట్టడమే. నార్మల్ వచ్చినా ఏటేటా చేయించుకోవడం భయం తీర్చుకోవడానికే తప్ప ఇంకెందుకూ కాదు.

ఇంట్లో ఎవరికైనా వచ్చుంటే

ఇక్కడ నిదానంగా చదవండి. అమ్మ, నాన్న, తోడబుట్టినవాళ్ళు, పిల్లలు, వీళ్ళలో ఒక్కరికి పెద్దపేగు క్యాన్సర్ గానీ, ముదిరిన రకం పాలిప్ (సెంటీమీటరు, ఆ పైన ఉన్నది, లేదా బయాప్సీలో క్యాన్సర్ వైపు మళ్ళుతోందని తేలినది) గానీ 60 ఏళ్ళలోపు వచ్చుంటే మీరు 40కి, లేదా వాళ్ళకు బయటపడిన వయసులో పదేళ్ళు తీసేసి, ఏది ముందొస్తే అప్పుడు మొదలుపెట్టాలి, అదీ కొలనోస్కోపీతోనే, అయిదేళ్ళకోసారి. నాన్నకు 46లో బయటపడిందనుకోండి, మీకు 36. వాళ్ళకు 60 దాటాక వచ్చుంటే 40కి మొదలుపెడితే చాలు, తర్వాత అందరి లెక్కే.

చిక్కల్లా ఆ వయసు ఎవరికీ సరిగ్గా గుర్తుండకపోవడమే. "మీ తాతకు కడుపులో గడ్డ, వేలూరు తీసుకుపోయినాం" అంటారు, ఏ గడ్డ, ఎప్పుడు, ఏమీ తెలియదు. పాత ఫైళ్ళు అటక మీద ఉంటే దించి చూడండి, బయాప్సీ, అంటే ముక్క తీసి చేసే పరీక్ష, కాగితంలో వయసు, తేదీ, ఏ అవయవం అన్నీ ఉంటాయి. మేనత్తలను, పెద్దమ్మలను అడగండి, వాళ్ళకు గుర్తున్నంత మగవాళ్ళకు గుర్తుండదు. మేనరికాలున్న ఇళ్ళలో ఇంకొంచెం జాగ్రత్త. మేనమామను చేసుకున్న ఇంట్లో పిల్లల నాయనమ్మే వాళ్ళమ్మకు అమ్మమ్మ కూడా అవుతుంది, అంటే ఒకే మనిషి జబ్బు రెండు వైపుల నుంచీ లెక్కకు వస్తుంది. తల్లి నుంచి ఒకటి, తండ్రి నుంచి ఒకటి చెడిన జన్యువు అందితేనే వచ్చే పాలిప్ జబ్బులు కూడా కొన్ని ఉన్నాయి. ఇంట్లో చాలామందికి పేగు క్యాన్సర్, గర్భసంచి లోపలి పొర క్యాన్సర్ చిన్న వయసులోనే వచ్చుంటే లించ్ అనే వంశపారంపర్య జబ్బు ఉందేమో చూస్తారు. అది తేలితే 20, 25 మధ్యే మొదలుపెట్టి ఏడాది, రెండేళ్ళకోసారి చూడాలి. ఇలాంటి చరిత్ర ఉంటే మామూలు ఓపీలో రెండు నిమిషాల్లో చెప్పి రావద్దు, కాగితం మీద వంశవృక్షం గీసుకుని పోండి.

అల్సరేటివ్ కొలైటిస్, క్రోన్స్ అనే పేగు వాపు జబ్బులు ఉన్నవాళ్ళది వేరే లెక్క. లక్షణాలు మొదలైన ఎనిమిదేళ్ళకు మొదటి పరీక్ష, ఆ తర్వాత డాక్టర్ చెప్పిన గడువుకు.

ఎక్కడ, ఎప్పుడు

తిరుపతిలో స్విమ్స్ ఉంది, టీటీడీ వాళ్ళు 1993లో పెట్టింది. గ్యాస్ట్రో డాక్టర్లున్న ప్రైవేటు ఆస్పత్రులూ ఉన్నాయి. చిత్తూరు, పలమనేరు వాళ్ళు ఎక్కువగా వేలూరు సీఎంసీకి పోతారు. ఎక్కడైనా సరే, చెప్పిన రేటులో మత్తు, పాలిప్ తీయడం, బయాప్సీ కలిసున్నాయా లేవా అని ముందే అడగండి. ఆస్పత్రిలో ఆరోగ్యమిత్ర డెస్క్ ఉంటే ప్రభుత్వ ఆరోగ్య పథకం ఏ మేరకు వర్తిస్తుందో అక్కడే కనుక్కోండి.

దూరం నుంచి వచ్చేవాళ్ళు ముందు రోజు సాయంత్రానికే ఊరికి చేరుకుని, అటాచ్డ్ బాత్రూమ్ ఉన్న గది తీసుకోండి. కడుపు ఖాళీ చేసే విరేచనాల మందు తాగి పుంగనూరులో బస్సెక్కుదామనుకుంటే ఆ ప్రయాణం జన్మలో మర్చిపోలేరు. బ్రహ్మోత్సవాలు, వైకుంఠ ఏకాదశి, శని ఆదివారాలు తిరుపతిలో గది దొరకడమే గగనం, వారం మధ్యలో పెట్టుకోండి.

కడుపు ఖాళీ చేసుకోవడం

పరీక్ష బాగా జరిగిందా లేదా అన్నది సగం మీ చేతిలోనే ఉంది. రెండు మూడు రోజుల ముందు నుంచి రాగిసంగటి, ఆకుకూర, చెనిక్కాయలు, జామకాయ, గింజలున్న కూరలు ఆపేయండి. తెల్లన్నం, ఇడ్లీ తినొచ్చు. ముందు రోజు తేటగా ఉండే ద్రవాలే: లేత కొబ్బరి బోండం నీళ్ళు, వడగట్టిన నిమ్మరసం, పాలు లేని టీ. ఎర్రగా, ఊదాగా ఉండే రసాలు వద్దు, లోపల రక్తంలా కనబడతాయి. పెరటాసి శనివారాలు ఒక్కపొద్దు ఉండే అలవాటున్నవాళ్ళకు ఆకలి పెద్ద సమస్య కాదు, ఆ మందే సమస్య.

ఆ విరేచనాల మందు పొడిని రెండు లీటర్ల నీళ్ళలో కలిపి, సగం ముందు రోజు సాయంత్రం, సగం పరీక్షకు నాలుగైదు గంటల ముందు తాగమంటారు. ఉప్పగా, కొంచెం జిగటగా ఉంటుంది. ఫ్రిజ్‌లో పెట్టి, పది పదిహేను నిమిషాలకో గ్లాసు చొప్పున, ముక్కు మూసుకుని గటగటా తాగేయడమే మేలు, గుటక గుటకగా తాగితే వాంతికొస్తుంది. చివర్లో పోయేది మూత్రంలా లేత పసుపు నీళ్ళుగా ఉండాలి. ఇంకా గోధుమరంగు, నలకలు ఉంటే లోపలికి పోకముందే నర్సుకు చెప్పండి.

ఐరన్ మాత్రలు వారం ముందే ఆపాలి, లేకపోతే మలం నల్లగా పేగుకు అంటుకుని ఉంటుంది. రక్తం పలుచబడే మందులు వాడేవాళ్ళు, స్టెంట్ ఉన్నవాళ్ళు సొంతంగా ఏదీ ఆపకూడదు, రాసిన డాక్టర్‌నే అడగండి. షుగరు ఉన్నవాళ్ళు మాత్రలు, ఇన్సులిన్ ఆ రెండు రోజులు ఎంత వేసుకోవాలో కాగితం మీద రాయించుకోండి. ఖాళీ కడుపుతో మామూలు డోసు వేసుకుంటే షుగరు పడిపోతుంది.

పరీక్ష అరగంట, కాస్త అటూ ఇటూ. మత్తిస్తారు కాబట్టి వెంట మనిషి ఉండాలి, ఆ రోజంతా బండి తోలకూడదు, "ఎటూ తిరుపతికొచ్చాం కదా" అని అటే ఘాట్ రోడ్డెక్కడం అసలు వద్దు. పేగుకు రంధ్రం పడే ప్రమాదం ఉంది కానీ అరుదు, స్క్రీనింగ్‌కు వచ్చినవాళ్ళలో పది వేలకు ముగ్గురు నలుగురు. పాలిప్ తీస్తే రెండు వారాల దాకా రక్తం పడే అవకాశం ఉంది. తీవ్రమైన కడుపునొప్పి, జ్వరం, ఎక్కువ రక్తం కనబడితే ఆగకుండా ఆస్పత్రికి వచ్చేయండి.

రిపోర్టు చేతికి రాగానే మూడు చూడండి. సీకం దాకా వెళ్ళారా లేదా, అంటే పెద్దపేగు మొదటి భాగం, దాని ఫొటో ఉండాలి. శుభ్రత ఎలా ఉంది, బోస్టన్ స్కోరు రాసుంటే 9కి 6 గానీ ఆ పైన గానీ, ఏ భాగంలోనూ 2కి తగ్గకుండా ఉంటే సరిపోయినట్టు. చాలకపోతే ఆ నార్మల్‌ను నమ్మి పదేళ్ళు కూర్చోవద్దు, ఏడాదిలోపు మళ్ళీ చేయించాలి. ఇక పాలిప్ తీశారా, తీస్తే బయాప్సీలో ఏమొచ్చింది. అడినోమా (క్యాన్సర్‌గా మారే వీలున్న పాలిప్) రకం, సెంటీమీటరు లోపువి ఒకటి రెండు అయితే ఏడు నుంచి పదేళ్ళకు, మూడు నాలుగు ఉంటే మూడు నుంచి అయిదేళ్ళకు, సెంటీమీటరు, ఆ పైన ఉంటే మూడేళ్ళకు రమ్మనడం మామూలు. బయాప్సీ కాగితం వారం తర్వాత వస్తుంది, దాన్ని తెచ్చుకోవడమే మానేస్తారు చాలామంది. తెచ్చుకుని, తేదీ, మీ వయసు కనబడేలా ఫొటో తీసి అన్నదమ్ములకు, అక్కచెల్లెళ్ళకు, పిల్లలకు వాట్సాప్‌లో పెట్టండి. ముదిరిన రకం పాలిప్ అని ఉంటే వాళ్ళు మొదలుపెట్టాల్సిన వయసు కూడా మారిపోతుంది.