నాలుగో పాఠం: ఇద్దరు, ఒక గది, చెప్పని మాట

పాత్రకు ఏం కావాలో, ఆ సంగతి ఎవరి దగ్గర నోరు విప్పలేకపోతోందో గత పాఠంలో రాసుకున్నాం. ఈసారి ఆ చెప్పలేని మాట మీద మూడు పేజీల సినిమా సీను కడదాం.

ముందు ఒక పక్కన రాసుకోండి: ఎవరు ఏం దాస్తున్నారు? మన ఉదాహరణలో తమ్ముడు అక్కకి చెప్పకుండా తండ్రి ఇల్లు బేరం పెట్టేశాడు. పోయిన తండ్రి గదిని ఇద్దరూ సర్దుతున్నారు. ఈ సర్దుడే సీనుకు ప్రాణం. చేతికి పని లేకపోతే పాత్రలు ఎదురెదురుగా కూర్చుని మనసు విప్పేస్తాయి.

తొలి ప్రతి చాలామందికి ఇలా వస్తుంది: "అక్కా, ఇల్లు అమ్మేద్దామనుకుంటున్నా." "నాన్న జ్ఞాపకాలన్నీ ఇక్కడే ఉన్నాయిరా!" ప్రేక్షకుడు కనిపెట్టడానికి ఇందులో ఏమీ మిగల్లేదు. 'ఇల్లు', 'అమ్మడం' అనే మాటలు వాడకుండా మళ్లీ రాయండి.

"ఈ బీరువా ఎవరైనా తీసుకుంటారంటావా?"
"తాళంచెవి ఎక్కడుందో నాన్నకే తెలుసు."
"పగలగొట్టిద్దాంలే."
"తొందరేముందిరా?"
తమ్ముడు అట్టపెట్టెకి టేపు అంటిస్తాడు.

ఆ టేపే అతని జవాబు. అక్కడ 'అపరాధ భావంతో చూస్తాడు' అని రాస్తే నటుడికి పట్టుకోవడానికి ఏదీ దొరకదు. కెమెరాకి కనబడే పనే రాయాలి.

స్క్రిప్టులో ఒక పేజీ తెర మీద ఒక నిమిషం అనే లెక్క, కొరియర్ అనే ఫాంటులో 12 పాయింట్ల సైజులో టైపు చేసే ఇంగ్లిషు స్క్రిప్టులది. తెలుగు ఫాంటులో దాన్ని నమ్ముకోవద్దు. గడియారం పెట్టుకుని, మౌనాలతో సహా పైకి చదవండి. 'తాళంచెవి వెతుకుతుంది' అన్నది కాగితం మీద రెండు మాటలే, తెర మీద 40 సెకన్లు పట్టొచ్చు. అలాంటి చోట కదలికకో లైను ఇవ్వండి: సొరుగు లాగుతుంది. దిండు ఎత్తి చూస్తుంది. చొక్కా జేబు తడుముతుంది.

రాశాక మొదటి రెండు, చివరి రెండు డైలాగులు మూసిపెట్టి చదవండి. లోటు తెలియకపోతే కొట్టేయండి. పోయేవి సాధారణంగా పలకరింపులు, సంజాయిషీలే.

అన్నీ దాచేస్తే మాత్రం దాచినట్టే ఎవరికీ తెలియదు. అందుకే తమ్ముడు అడ్వాన్సు అందుకోవడం ముందు సీనులోనే చూపించాలి. ప్రేక్షకుడికి తెలిసి అక్కకి తెలియనప్పుడే బీరువా మాట గుచ్చుకుంటుంది.

వచ్చే పాఠంలోగా, అక్కకి సంగతి ముందే తెలుసనుకుని ఇదే సీను తిరగరాయండి. డైలాగుల్లో రెండు లైన్లకి మించి మార్చకండి. మిగతా మార్పంతా ఆమె చేతుల్లో కనబడాలి.