బకెట్టు, గాజుగ్లాసు, గోళీసోడా: సాగరగర్భ అన్వేషకుల జీవితాలను తరగతిలో చెప్పే పద్ధతి

సఖినేటిపల్లి రేవు దాటి బడికి వచ్చే పిల్లలకు నీరు కొత్త కాదు. పోటు ఎప్పుడొస్తుందో, పాయలో సుడి ఎక్కడుంటుందో ఉపాధ్యాయుని కంటే వారికే బాగా తెలుసు. అందువల్ల సాగరగర్భ అన్వేషకుల గురించి వారికి చెప్పబోయేటప్పుడు, ఎవరు ఎన్ని మీటర్లు దిగారన్న పట్టికతో ప్రారంభించవద్దు. ఆ అంకెలు బోర్డు తుడిచేసరికి మరుపున పడతాయి. ప్రతి జీవితానికీ ఒకే ప్రశ్న వేయండి: ఈ మనిషికి నీటి అడుగున ఊపిరి ఎక్కడి నుంచి అందింది?

మొదట గాజుగ్లాసు అడుగున కాగితపు ఉండను గట్టిగా నొక్కి, గ్లాసును బోర్లించి, నిటారుగా బకెట్టు నీటిలో ముంచి తీయండి. కాగితం తడవదు. రెండోసారి కాస్త వాల్చి ముంచితే గాలి బుడగలుగా తప్పించుకుపోవడం కనిపిస్తుంది. ఇప్పుడు ఎడ్మండ్ హేలీ పేరు చెప్పండి. తోకచుక్కకు పేరు ఇచ్చిన హేలీయే 1691లో ఇటువంటి బోర్లించిన గుడిగంట ఆకారపు పెద్ద పాత్రను (దీన్నే ‘గంట’ అంటారు) తయారుచేయించి, మరో నలుగురితో కలిసి నీటి అడుగున తొమ్మిది పది బారల లోతున, అంటే బాగా ఎదిగిన కొబ్బరిచెట్టంత లోతున, గంటన్నరకు పైగా గడిపాడు. పది మీటర్లు దిగేసరికి నీటి ఒత్తిడి వల్ల గంటలోని గాలి సగానికి కుంచించుకుపోతుంది. లోపలివారు పీల్చినకొద్దీ అది చెడిపోతుంది కూడా. ఈ రెండు చిక్కులకూ హేలీ కనిపెట్టిన ఉపాయం, సీసం బరువు కట్టిన పీపాలలో గాలి నింపి గంట కంటే కిందికి దించి, అక్కడి నుంచి తోలుగొట్టం ద్వారా లోపలికి ఎక్కించడం. పీపాను గంట కంటే కిందికే ఎందుకు దించాలో పిల్లలనే చెప్పనివ్వండి. తొందరపడి జవాబు ఇచ్చేస్తే పాఠంలో సగం రుచి పోతుంది.

తరువాత గోళీసోడా. గోళీ నొక్కగానే బుడగలు పైకి ఎగదన్నడం చూపించి, పంపు నుంచి గాలి అందే రాగి టోపీలు ధరించి ఎక్కువసేపు అడుగున పనిచేసి, ఒక్కసారిగా పైకి వచ్చిన 19వ శతాబ్దపు కార్మికుల రక్తంలో జరిగినదీ ఇదేనని వివరించండి. ఆ బుడగలు నత్రజనివని ఫ్రెంచి శాస్త్రవేత్త పాల్ బేర్ 1878లో వెల్లడించాడు. మేకల మీద ప్రయోగాలు చేసిన బ్రిటిష్ శాస్త్రవేత్త జె. ఎస్. హాల్డేన్, ఏ లోతు నుంచి ఎన్ని మజిలీలలో పైకి రావాలో తెలిపే పట్టికలను 1908లో ప్రచురించాడు.

ఎక్కువ సమయం ఫ్రెంచి సాగర అన్వేషకుడు జాక్ కూస్తోకు కేటాయించడం న్యాయమని నా అభిప్రాయం, ఎందుకంటే ఆయన కథలో పిల్లలకు పట్టుదొరికే మలుపులు ఎక్కువ. విమాన చోదకుడు కావలసిన ఆ నౌకాదళ యువకుడు కారు ప్రమాదంలో చేతులు విరగ్గొట్టుకున్నాడు. చేతులకు సత్తువ రావడానికి ఈత మొదలుపెట్టాడు. మిత్రుడు ఇచ్చిన కళ్లద్దాలతో నీటి లోపల చూశాక ఇక వెనక్కి తిరగలేదు. రెండో ప్రపంచ యుద్ధకాలంలో పెట్రోలు కరువైనప్పుడు కార్లను గ్యాసుతో నడిపేందుకు ఎమీల్ గాన్యాన్ అనే ఇంజనీరు తయారుచేసిన కవాటమే, 1943లో వారిద్దరి చేతిలో, పీల్చినప్పుడు మాత్రమే గాలి వదిలే ఈతగాని పరికరంగా మారింది. దాని తొలి పరీక్ష జరిగింది సముద్రంలో కాదు, ఫ్రాన్స్‌లోని మార్న్ నదిలో. అక్కడది సరిగ్గా పనిచేయలేదు కూడా. ఈ వైఫల్యాన్ని దాటవేయకుండా చెప్పండి.

ఉక్కుగోళాల కథను త్వరగా ముగించవచ్చు. 1934లో విలియం బీబ్, ఓటిస్ బార్టన్ తీగకు వేలాడే గోళంలో 923 మీటర్లు దిగారు. 1960 జనవరి 23న జాక్ పికార్డ్, డాన్ వాల్ష్ తీగతో పనిలేని ట్రియెస్ట్ అనే లోతునీటి నౌకలో పసిఫిక్‌లోని సుమారు 11 కిలోమీటర్ల లోతుకు చేరారు. అయితే ఆడపిల్లలున్న తరగతిలో అమెరికా సముద్ర శాస్త్రవేత్త సిల్వియా ఎర్ల్‌ను వదలకండి: 1970లో మహిళా బృందానికి నాయకత్వం వహించి నీటి అడుగు ఇంట్లో రెండు వారాలు నివసించారు, 1979లో లోహకవచం ధరించి 381 మీటర్ల లోతున సముద్రపు నేలపై నడిచారు.

ఇంతవరకు వచ్చాక ఒక హెచ్చరిక తప్పనిసరి. ఎక్కువసేపు మునిగి ఉండాలని, ముందుగా గబగబా ఊపిరి పీల్చి వదలడం ప్రాణాంతకం; శరీరంలో బొగ్గుపులుసు వాయువు తగ్గిపోవడంతో ఊపిరి కావాలన్న తపన పుట్టకముందే స్పృహ తప్పుతుంది. కాలువలో పందేలు వేసుకునే పిల్లలకు ఈ కారణాన్ని విడమరచి చెప్పండి. వట్టి బెదిరింపును వారు లెక్కచేయరు.

చివరి తరగతికి గోదావరిని తీసుకురండి. 2019 సెప్టెంబరు 15న కచ్చులూరు వద్ద మునిగిన పడవను ధర్మాడి సత్యం బృందం అక్టోబరు 22న వెలికితీసింది. ఆ ప్రమాదంలో అయినవారిని కోల్పోయిన పిల్లలు తరగతిలో ఉన్నారేమో ముందుగా విచారించి, ఉంటే ఈ ప్రస్తావన మానుకోండి. కూస్తో దిగిన తేటనీటికీ, వరద గోదావరిలోని ఎర్రనీటికీ పోలిక లేదు. ఇక్కడ కళ్లు చేయవలసిన పని చేతులు చేస్తాయి. వీలైతే మీ ఊరి గజ ఈతగాణ్ణి ఒకరిని పిలిచి పిల్లలచేత ప్రశ్నలు అడిగించండి. మీకు భయం వేయలేదా అని అడిగితే అందరూ ఒకే మాట చెబుతారు. తాడు ముడి ఎక్కడ వేశారు, పైన ఉన్నవారికి సైగ ఎలా చేశారు, ఏ నెలలో దిగడానికి ఒప్పుకోరు అని అడిగితే జీవితం బయటపడుతుంది. రాసుకున్నది ఆయనకే చదివి వినిపించి, తప్పులు దిద్దించుకున్న తరువాతే గోడపత్రికలో అతికించండి.